తొలి ఆధునిక తెలుగు సాహిత్యంలో సామ్రాజ్యం, అస్తిత్వం

తొలి ఆధునిక తెలుగు సాహిత్యంలో సామ్రాజ్యం, అస్తిత్వం అనునది సుమారు 15వ శతాబ్దం నుండి 18వ శతాబ్దం వరకు వెలువడిన తెలుగు కావ్యాలు, వంశావళులు, వచన చరిత్రలు, శాసనాల ఆధారంగా సాగే ఒక పరిశోధనా రంగం. ఆ కాలపు రాజులు, కవులు, కరణాలు తమను తాము ఎవరిగా భావించుకొన్నారు, తమను ఏలిన రాజ్యాన్ని ఏ విధంగా ఊహించుకొన్నారు అనునవి ఇందులోని ముఖ్య ప్రశ్నలు. విజయనగర సామ్రాజ్యం, గజపతుల రాజ్యం, గోల్కొండ సుల్తానుల రాజ్యం, దక్షిణాది నాయక రాజ్యాలు, తీరంలో స్థిరపడిన పోర్చుగీసు, డచ్చి, ఆంగ్ల వర్తక సంస్థలు ఈ రంగం పరిధిలోనికి వస్తాయి. ఈ శక్తులలో అధికభాగం నెల్లూరు తీరంలోను, దానికి వెనుకనున్న ఉదయగిరి, వెంకటగిరి సీమలలోను ఒకదానినొకటి ఎదుర్కొన్నాయి. అందువలన ఈ ప్రాంతం పరిశోధకుల రచనలలో తరచుగా కనిపిస్తుంది.

పేరు, కాలపరిధి

పాఠ్యపుస్తకాలలో ఈ కాలానికి ప్రబంధ యుగం, దక్షిణాంధ్ర యుగం అను పేర్లు వాడుకలో ఉన్నాయి. "తొలి ఆధునిక" అను మాట ఐరోపా చరిత్ర రచన నుండి వచ్చినది. ఆధునికత ఆంగ్లేయుల పాలనతోనే మొదలు కాలేదని, సముద్ర వ్యాపారం, నగదు చలామణి, వచన రచన, వ్యక్తి స్పృహ వంటి మార్పులు 16వ శతాబ్దం నాటికే దక్షిణాదిలో కనిపిస్తున్నాయని భావించే పండితులు ఈ మాటను వాడుతున్నారు. దీనిని అందరూ అంగీకరించలేదు. అయితే "మధ్యయుగం" అను మాట కంటె ఇది ఈ సాహిత్యానికి బాగా సరిపోతుంది. రాయల కాలపు కావ్యాలలో రేవులు, విదేశీ వర్తకులు, గుర్రాల బేరం ఎంతగా చోటు చేసుకొన్నాయో చూసినవారికి ఈ విషయం స్పష్టమవుతుంది.

నెల్లూరు తీరం, ఉదయగిరి

ఈ ప్రాంతానికి సాహిత్యపరంగా పూర్వరంగం 13వ శతాబ్దంలోనే ఉన్నది. నెల్లూరును పాలించిన మనుమసిద్ధి వద్ద మంత్రిగా ఉన్న తిక్కన తన నిర్వచనోత్తర రామాయణాన్ని ఆ రాజుకు అంకితం చేసి, మహాభారతాన్ని మాత్రం హరిహరనాథునికి అంకితం చేశాడు. తిక్కనకు దశకుమార చరిత్రను అంకితమిచ్చిన కేతన, తెలుగుకు తెలుగులోనే మొదటి వ్యాకరణమైన ఆంధ్రభాషాభూషణాన్ని రచించాడు. రాజు, దైవం, భాష ఈ మూడింటిలో కవి దేనికి కట్టుబడి ఉన్నాడు అను ప్రశ్న అప్పటి నుండియే వినిపిస్తుంది.

విజయనగర రాజ్యం ఏర్పడిన తొలి దశాబ్దాలలోనే ఉదయగిరి ఆ రాజ్యంలో తూర్పు భాగానికి కేంద్రమైనది. హరిహరుని సోదరుడు కంపన, అతని కుమారుడు రెండవ సంగముడు ఇక్కడి నుండి పాలించారు. వేదభాష్యకర్తగా ప్రసిద్ధుడైన సాయణుడు వీరిద్దరి వద్ద మంత్రిగా పనిచేశాడు. 1356 నాటి బిట్రగుంట తామ్రశాసనం రెండవ సంగముడు తన గురువు శ్రీకంఠనాథునికి చేసిన దానాన్ని తెలుపుతుంది. దీనిని రచించినవాడు సాయణుని తమ్ముడు భోగనాథుడు. రాజుకు నర్మసచివుడైన కవి శాసనం వ్రాయడం, ఆ శాసనంలోనే కొత్త రాజవంశానికి కీర్తిని కూర్చడం గమనింపదగినవి. సామ్రాజ్యాన్ని మాటలతో నిర్మించే పని కావ్యాలకంటె ముందు రాగిరేకులపై జరిగినదని చెప్పవచ్చును.

15వ శతాబ్దంలో ఉదయగిరి గజపతుల వశమైనది. శ్రీకృష్ణదేవరాయలు (పాలన 1509–1529) గజపతులపై సాగించిన దండయాత్రలో మొదటి లక్ష్యం ఈ దుర్గమే. 1513లో మొదలైన ముట్టడి సుమారు ఏడాదిన్నర సాగి 1514లో ముగిసినది. ఈ ఒక్క ఘటనకు ఎన్ని రకాల ఆధారాలు ఉన్నాయో చూసినచో ఈ రంగంలోని పద్ధతి అర్థమవుతుంది. తిరుమల శాసనం విజయానంతరం రాయలు శ్రీవారికి 30,000 బంగారు నాణేలతో కనకాభిషేకం చేసినట్లు చెబుతుంది. హంపిలోని కృష్ణాలయం, ఉదయగిరి నుండి తెచ్చిన బాలకృష్ణ విగ్రహం కొరకు కట్టించినది. ఆ విగ్రహం తరువాతి కాలంలో చెన్నై ప్రభుత్వ మ్యూజియంకు చేరినది. అల్లసాని పెద్దన మనుచరిత్ర పీఠికలో రాయల ప్రతాపాన్ని అగ్నిగా వర్ణిస్తూ, ఆ నిప్పు మొదట ఉదయాద్రి రాతికి ఖడ్గం తాకినప్పుడు పుట్టినదని చమత్కరించాడు. ఆ అగ్ని ప్రయాణమే దండయాత్ర మార్గం. ఇక పోర్చుగీసు గుర్రాల వర్తకుడు ఫెర్నావ్ నూనిజ్ 1535 ప్రాంతంలో వ్రాసిన వృత్తాంతంలో రాయలు 34,000 కాల్బలంతోను, 800 ఏనుగులతోను "దిగరి"పైకి వచ్చాడని, కొండలను తొలిచి బాటలు వేయించాడని ఉన్నది. దిగరి అనగా ఉదయగిరియే. భక్తుని విజయం, వీరుని ప్రతాపం, సేనల లెక్క — మూడు చోట్ల ఉన్నది ఒకే కోట.

తొలితరం పరిశోధన

నూనిజ్, దొమింగో పాయెస్ అను ఇద్దరు పోర్చుగీసుల రచనలను డేవిడ్ లోపెస్ 1897లో లిస్బన్‌లో ప్రకటించగా, మద్రాసు సివిల్ సర్వీసు అధికారి రాబర్ట్ స్యూయెల్ వాటిని ఆంగ్లంలోనికి అనువదించి 1900లో 'ఎ ఫర్‌గాటెన్ ఎంపైర్' అను గ్రంథంలో చేర్చాడు. 1905లో బటర్‌వర్త్, వేణుగోపాల చెట్టి నెల్లూరు జిల్లా శాసనాలను మూడు సంపుటాలుగా వెలువరించారు. ఒక జిల్లా శాసనాలన్నింటిని ఒకచోట చేర్చిన తొలి ప్రయత్నాలలో ఇది ఒకటి. ఎస్. కృష్ణస్వామి అయ్యంగారు 1919లో కూర్చిన 'సోర్సెస్ ఆఫ్ విజయనగర్ హిస్టరీ' తెలుగు, సంస్కృత కావ్యాల నుండి చారిత్రక భాగాలను ఏరి ప్రకటించినది. దానికి కొనసాగింపుగా నీలకంఠ శాస్త్రి, నేలటూరి వేంకటరమణయ్య 1946లో మరి మూడు సంపుటాలను తెచ్చారు.

ఈ గ్రంథాలు లేనిదే తరువాతి పరిశోధన లేదు. అయితే వీటిలో రెండు పరిమితులు ఉన్నాయి. మొదటిది, కావ్యాన్ని నూర్చి గింజను మాత్రమే తీసుకొనే పద్ధతి. తేదీ, యుద్ధం, రాజు పేరు దొరికిన పద్యాలు "ఆధారం" అయినాయి, మిగిలినది "వర్ణన"గా మిగిలిపోయినది. రెండవది, విజయనగరాన్ని ముస్లిం రాజ్యాలకు అడ్డుగోడగా నిలిచిన హిందూ రాజ్యంగా మాత్రమే చూడటం. జాతీయోద్యమ కాలంలో ఈ దృష్టికి విశేష ఆదరణ లభించినది. అదే కాలంలో వేదము వేంకటరాయ శాస్త్రి ఆముక్తమాల్యదకు వ్రాసిన వ్యాఖ్యానం (1927) వంటివి కావ్యాన్ని కావ్యంగా చదివే దారిని నిలబెట్టాయి. దురదృష్టవశాత్తు చరిత్రకారులు, సాహిత్య పండితులు చాలాకాలం ఒకరి రచనలను మరొకరు అంతగా పట్టించుకోలేదు.

ఆముక్తమాల్యద చుట్టూ చర్చ

ఈ రంగంలో అత్యధికంగా చర్చింపబడిన కావ్యం ఆముక్తమాల్యద. కళింగ దండయాత్రలో రాయలు కృష్ణాతీరంలోని శ్రీకాకుళంలో ఆగి, ఏకాదశీ ఉపవాసం ఉండగా తెల్లవారుజామున ఆంధ్రవిష్ణువు కలలో కనిపించి తెలుగులో కావ్యం వ్రాయమని కోరినట్లు పీఠికలో ఉన్నది. అప్పటికి రాయలు సంస్కృతంలో పలు గ్రంథాలు రచించియున్నట్లు కూడ అక్కడే చెప్పబడినది. దేవుడు తనను తెలుగు రాయనిగా చెప్పుకొని, రాజును "కన్నడరాయ" అని సంబోధిస్తాడు. తెలుగే ఎందుకు అన్న ప్రశ్నకు దేశం తెలుగు కావడం, తాను తెలుగు వల్లభుడు కావడం కారణాలుగా చూపుతాడు.

తుళువ వంశీయుడు, కన్నడ ప్రాంతంలోని రాజధాని, తెలుగు కావ్యం, తమిళ దేశపు శ్రీవిల్లిపుత్తూరులోని గోదాదేవి కథ, తిరుమల వేంకటేశ్వరునికి అంకితం — ఇన్ని అంశాలు ఒకే గ్రంథంలో ఉన్నాయి. రాయలు తెలుగువాడా, కన్నడిగుడా అను వాదం 20వ శతాబ్దంలో చాలా సాగినది. 2010లో రాయల పట్టాభిషేకానికి 500 ఏళ్లు నిండిన సందర్భంగా కర్ణాటక, ఆంధ్ర ప్రదేశ్ ప్రభుత్వాలు రెండును ఉత్సవాలు జరిపాయి. కావ్యంలోని దేవునికి ఈ ఇబ్బంది లేదు: రాజు కన్నడరాయడు, కావ్యం తెలుగు, ఈ రెండింటి నడుమ అతనికి విరోధం కనబడలేదు. కావ్యాన్ని పెద్దన వ్రాసి రాయల పేర పెట్టాడను వాదం కూడ ఒకప్పుడు ఉండెను. శైలీభేదం దృష్ట్యా పరిశోధకులు దీనిని చాలావరకు త్రోసిపుచ్చారు.

వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షుల్మన్, సంజయ్ సుబ్రహ్మణ్యం కలిసి 2004లో ప్రకటించిన వ్యాసంలో ఈ కావ్యాన్ని ఒక కొత్త సామ్రాజ్య పరిభాషగా వివరించారు. నాల్గవ ఆశ్వాసంలో యామునాచార్యుడు కుమారునికి చెప్పే రాజనీతి ఇందుకు ప్రధానాధారం. అది ధర్మశాస్త్రాల పునరుక్తి కాదు. దుర్గాలను ఎవరి చేతిలో ఉంచాలి, అడవి జనంతో ఎట్లు మెలగాలి, ఆదాయాన్ని ఎట్లు పంచాలి అను విషయాలలో అనుభవం నుండి వచ్చిన సలహాలు అందులో ఉన్నాయి. రేవులను వృద్ధి చేసి గుర్రాలు, ఏనుగులు, రత్నాలు, చందనం, ముత్యాలు దిగుమతి అయ్యేటట్లు చూడాలని, ఓడ చెడి తీరానికి చేరిన పరదేశీయులను వారి వారి తాహతుకు తగినట్లు ఆదుకోవాలని రాజుకు బోధింపబడినది. దూరద్వీపాల నుండి గుర్రాలను, ఏనుగులను తెచ్చే వర్తకులను ఆదరించి నిలుపుకోవాలని, అప్పుడే అవి శత్రువుల పాలు కావని కూడ ఉన్నది.

ఈ భావనకు తీరాంధ్రలో పూర్వచరిత్ర కలదు. కాకతీయ గణపతిదేవుడు 13వ శతాబ్దంలో మోటుపల్లిలో వేయించిన అభయశాసనం, అంతకుముందు రాజులు ఓడ చెడిన వర్తకుల సొత్తును స్వాధీనం చేసుకొనేవారని చెప్పి, తాను నియమిత సుంకం తప్ప ఏమియు తీసుకోనని ప్రకటించినది. మధ్యయుగ శాసనాలలో కొల్లితురై, గండగోపాలపట్టణం అను పేర్లతో కనిపించే కృష్ణపట్నం కూడ ఇట్టి రేవే. కావున రాయల పద్యం కల్పనా చమత్కారం కాదు. తీరప్రాంతపు పాత ఆచారం సామ్రాజ్య నీతిగా మారిన ఉదాహరణ అది.

ఆముక్తమాల్యదను శ్రీనివాస రెడ్డి 2010లో ఆంగ్లంలోనికి అనువదించారు. ఇలనిత్ లోవీ షాఖామ్ 2015లో చికాగో విశ్వవిద్యాలయానికి సమర్పించిన సిద్ధాంత గ్రంథంలో మతం, దిగ్విజయం, సమూహం అను మూడు కోణాల నుండి ఈ కావ్యాన్ని పరిశీలించారు.

రాయవాచకము

రాయవాచకము కృష్ణదేవరాయల పాలనను వర్ణించే తెలుగు వచన గ్రంథం. విజయనగర ఆస్థానంలోని ఒక స్థానాపతి, తన ప్రభువైన విశ్వనాథ నాయనికి పంపిన నివేదికగా ఇది నడుస్తుంది. రచయిత పేరు తెలియదు. చాలాకాలం దీనిని రాయల సమకాలిక రచనగా భావించి, అందులోని వివరాలను యథాతథంగా చరిత్రలో వాడుకొన్నారు. సి.వి. రామచంద్రరావు దీనిని పరిష్కరించగా ఆంధ్ర ప్రదేశ్ సాహిత్య అకాడమీ 1982లో ప్రచురించినది. ఈయన గజపతుల కాలపు పాలన, సమాజాలపై వ్రాసిన ఆంగ్ల గ్రంథం 1976లో నెల్లూరు నుండి వెలువడినది. ఉదయగిరి కథకు రెండవ పక్షమైన గజపతుల వైపు నుండి చూసిన రచనలు తక్కువ. ఆ విధంగా ఇది విలువైనది.

ఫిలిప్ వాగొనర్ 1993లో ప్రకటించిన 'టైడింగ్స్ ఆఫ్ ది కింగ్' ఈ గ్రంథం స్థానాన్ని మార్చివేసినది. భాష, ప్రస్తావనల ఆధారంగా ఇది 16వ శతాబ్దం చివర లేదా 17వ శతాబ్దం మొదట, మదుర నాయకుల పరిసరాలలో పుట్టినదని ఆయన నిరూపించారు. అనగా 1565లో తళ్లికోట యుద్ధానంతరం రాజధాని పాడుపడిన తరువాత, ఆ వైభవాన్ని తలచుకొంటూ వ్రాసిన గ్రంథం ఇది. తాము ఎవరి అధికారానికి వారసులము అను ప్రశ్న నాయకులకు ఎదురైనప్పుడు, దానికి సమాధానంగా పూర్వపు రాజును పునఃసృష్టించుకొన్నారని ఆయన వాదం. ఇందులో లోకం అశ్వపతి, గజపతి, నరపతి అను మూడు సింహాసనాల మధ్య పంచబడి ఉంటుంది. మొగలు చక్రవర్తి, ఒడ్డె రాజు, విజయనగర ప్రభువు ఒకే వరుసలో కూర్చుంటారు. నివేదిక నమ్మదగినదిగా కనిపించడమే ఇందలి కల్పన. సమకాలిక రచన కాదు గనుక విలువ తగ్గినదని కొందరు భావించినా, సామ్రాజ్యం పోయిన తరువాత అది జనుల తలపులలో ఎట్లు నిలిచినదో తెలుసుకొనుటకు దీనికి మించిన ఆధారం లేదు.

ప్రళయకావేరి నుండి చెన్నపట్నం వరకు

పులికాట్ సరస్సుకు, ఆ పేరిటి రేవుకు తెలుగులో పాత పేరు ప్రళయకావేరి. పోర్చుగీసులు 16వ శతాబ్దంలో ఇక్కడ వ్యాపారం సాగించారు. డచ్చివారు 1610లో కోఠీ తెరిచి, 1613 నాటికి గెల్డ్రియా కోటను ఏర్పరచారు. ఆంగ్లేయులు 1626లో ఉత్తరాన దుగరాజపట్నం వద్ద ఆర్మగాన్ అను పేరుతో స్థావరం నెలకొల్పారు. అక్కడి అధికారి ఫ్రాన్సిస్ డే 1639లో చెన్నపట్నం స్థలాన్ని సంపాదించాడు.

1580 నుండి 1640 వరకు పోర్చుగల్ స్పెయిన్ రాజుల ఏలుబడిలో ఉన్నది. అందువలన ఆ అరవై ఏళ్లు ఈ తీరంలోని పోర్చుగీసులు స్పెయిన్ చక్రవర్తి ప్రజలే. చంద్రగిరి నుండి పాలించిన రెండవ వేంకటపతి రాయలకు, స్పెయిన్ రాజు మూడవ ఫిలిప్‌కు నడుమ లేఖలు నడిచాయి. ఈ కాలపు విజయనగర చరిత్రను 'ది అరవీడు డైనాస్టీ' (1927) పేర సమగ్రంగా వ్రాసిన ఫాదర్ హెన్రీ హెరాస్ కూడ స్పెయిన్‌లోని బార్సిలోనాకు చెందినవారే కావడం విశేషం. ఈయన బొంబాయి సెయింట్ జేవియర్ కళాశాలలో ఆచార్యులు.

1614లో వేంకటపతి మరణించగానే వారసత్వ యుద్ధం చెలరేగినది. గొబ్బూరి జగ్గరాయడు ఒక బాలుని రాజకుమారునిగా చూపి నిలబెట్టగా, వెలుగోటి యాచమ నాయడు అసలు వారసుడైన శ్రీరంగరాయల పక్షం వహించాడు. రాజకుటుంబం హత్యకు గురైనది. ఒక చాకలి బట్టల మూటలో దాచి కోట దాటించిన రాజకుమారుడు రామదేవరాయలు మాత్రం మిగిలాడు. తిరుచిరాపల్లి సమీపంలోని తొప్పూరు యుద్ధంలో జగ్గరాయడు హతుడైనాడు. చాకలి సాహసం గురించి జెసూట్ మతాచార్యుడు మనుయెల్ బర్రదాస్ 1616 డిసెంబరులో కొచ్చిన్ నుండి వ్రాసిన లేఖలో ఉన్నది. స్యూయెల్ గ్రంథంలో దీని అనువాదం చదువవచ్చు.

ఇదే యాచమ నాయని వంశకీర్తి వెలుగోటివారి వంశావళిలో ఉన్నది. నెల్లూరు జిల్లాకు చెంది, 2022 పునర్వ్యవస్థీకరణలో తిరుపతి జిల్లాలో చేర్చబడిన వెంకటగిరి సంస్థానాధీశుల ఇంటి గ్రంథమిది. వేంకటరమణయ్య దీనిని పరిష్కరించగా మద్రాసు విశ్వవిద్యాలయం 1939లో ప్రచురించినది. తరతరాల వెలమ వీరుల యుద్ధాలు, బిరుదులు ఇందులో పద్యాలుగా ఉన్నాయి. బర్రదాస్ లేఖలో యాచమ నాయడు స్వామిభక్తి గల ఒక సేనాని. వంశావళిలో అతడు ఒక కులపు కీర్తికి వారసుడు. చక్రవర్తి పేరు మారిపోయినా వంశం నిలుస్తుందను భావన ఇట్టి వంశావళులలో బలంగా కనిపిస్తుంది. అస్తిత్వం రాజ్యం నుండి వంశానికి మరలినదని చెప్పుటకు ఇది మంచి ఉదాహరణ.

దామెర్ల అంకభూపాలుడు రచించిన ఉషాపరిణయం అను కావ్యంలో మరియొక ఆసక్తికరమైన ప్రస్తావన ఉన్నది. కవి సోదరుడు అయ్యప్ప, ప్రళయకావేరికి మైలాపూరుకు నడుమ, అక్కడి విదేశీయుల కలహాలను ఆపుటకై తండ్రి చెన్నప్ప పేర చెన్నపట్నాన్ని కట్టించాడని అందులోని వృత్తాంతం. ప్రళయకావేరిలోనివారు డచ్చివారు, మైలాపూరులోనివారు పోర్చుగీసులు. ఆంగ్ల పత్రాలలో మద్రాసు ఆంగ్లేయులు సంపాదించిన స్థలం. తెలుగు కావ్యంలో అది ఇరుగుపొరుగు పరదేశీయుల తగవు తీర్చుటకు ఒక నాయకుడు చేసిన ఏర్పాటు. ఏది నిజమని అడుగుటకంటె, రెండు పక్షాలవారు తమనే కర్తలుగా భావించుకొన్నారని గుర్తించుట ఎక్కువ ఉపయోగకరం.

కాలపు నేత

నారాయణరావు, షుల్మన్, సుబ్రహ్మణ్యం తమ మొదటి ఉమ్మడి గ్రంథం 'సింబల్స్ ఆఫ్ సబ్‌స్టెన్స్' (1992)లో తంజావూరు, మదుర, సెంజి నాయకుల ఆస్థానాలను పరిశీలించారు. తమిళ దేశంలో తెలుగు మాట్లాడే పాలకులు, శూద్రులమని దాచుకొనక గర్వంగా చెప్పుకొనే రాజులు, అన్నదానాన్ని, భోగాన్ని రాజధర్మంగా మార్చిన ఆస్థానాలు ఇందులో కనిపిస్తాయి.

2001లో వెలువడిన 'టెక్స్‌చర్స్ ఆఫ్ టైమ్' మరింత చర్చకు కారణమైనది. దక్షిణ భారతీయులకు చరిత్ర స్పృహ లేదను వలస పాలకుల అభిప్రాయాన్ని ఇది ఖండించినది. ఆ కాలంలో ఏ సాహిత్య ప్రక్రియ ప్రధానమైతే చరిత్రను ఆ ప్రక్రియలోనే వ్రాశారని, కావ్యమైనను కథాగేయమైనను వచనమైనను దాని అల్లికను బట్టి ఏది చరిత్రో ఏది కల్పనో నాటి శ్రోతలు గుర్తించగలిగేవారని రచయితల వాదం. 1757 నాటి బొబ్బిలి యుద్ధ కథలు, కుమార ధూర్జటి కృష్ణరాయ విజయము, రాయవాచకము ఇందులో చర్చింపబడినాయి. గ్రామ లెక్కలు వ్రాసే కరణాలే ఈ చరిత్ర రచనకు పట్టుకొమ్మలని వారు చూపారు. కల్నల్ మెకంజీ సేకరణలోని కైఫియతులు ఆ వర్గం చేతివ్రాతే.

2007లో 'హిస్టరీ అండ్ థియరీ' పత్రిక ఈ గ్రంథంపై చర్చను ప్రకటించినది. షెల్డన్ పొల్లాక్, రమా మంతెన, క్రిస్టొఫర్ చేకూరి విమర్శలు వ్రాయగా గ్రంథకర్తలు సమాధానమిచ్చారు. నాటి శ్రోత ఎట్లు విన్నాడో నేటి పండితుడు ఎట్లు నిర్ధారించగలడు అనునది ఇందులో ఎదురయ్యే చిక్కు ప్రశ్న. అధికారం, రాజకీయం వెనుకబడిపోయినవని చేకూరి విమర్శించారు. ఈ చర్చ నేటికీ తేలలేదు. ఐనను తెలుగు వచన గ్రంథాలు ప్రపంచ చరిత్ర శాస్త్ర పత్రికలో సిద్ధాంత చర్చకు ఆధారం కావడం అరుదైన విషయం.

తురకలు, హిందూరాయ సురత్రాణులు

సింథియా టాల్బట్ 1995లో వ్రాసిన వ్యాసంలో ఆంధ్రదేశపు శాసనాలలో ముస్లింల ప్రస్తావన కాలాన్ని బట్టి మారినదని చూపారు. 14వ శతాబ్దపు దండయాత్రల వెంటనే వచ్చిన శాసనాలలో తురుష్కులు రాక్షసులుగా కనిపిస్తారు. తరువాతి కాలంలో వారు అశ్వపతులు, అనగా తమ వంటి మరియొక రాజవర్గం. ఫిలిప్ వాగొనర్ 1996లో, విజయనగర రాజుల "హిందూరాయ సురత్రాణ" బిరుదును, ఆస్థానంలో ధరించిన కబాయి, కుళ్లాయిలను పరిశీలించి, ఆ కొలువు సుల్తానుల నాగరికతలో తన చోటు కోరుకొన్నదని ప్రతిపాదించారు. శ్రీనాథుని పేర ప్రచారంలో ఉన్న చాటువులో కూడ కన్నడ రాజ్య కొలువుకై కుళ్లాయి పెట్టిన ప్రస్తావన ఉన్నది. కృష్ణదేవరాయల బిరుదులలో "యవనరాజ్య స్థాపనాచార్య" ఒకటి. రెండవ వైపు, గోల్కొండ ఇబ్రహీం కుతుబ్ షా తెలుగు కవులకు మల్కిభరాముడు. అద్దంకి గంగాధరుడు తపతీ సంవరణోపాఖ్యానాన్ని ఆయనకు అంకితమిచ్చాడు. పొన్నికంటి తెలగన అచ్చతెలుగు యయాతి చరిత్రను అమీన్ ఖానుకు అంకితమిచ్చాడు. అడ్డుగోడ సిద్ధాంతానికి ఈ అంకితాలే తగిన జవాబు.

స్పానిష్ సాహిత్య పరిశోధనతో పోలిక

ఇదే కాలపు స్పెయిన్ సాహిత్యంపై సామ్రాజ్యం, అస్తిత్వం అను అంశాలతో విస్తారమైన పరిశోధన జరిగినది. 1492లో నెబ్రిహా అను పండితుడు కాస్తిలియన్ భాషకు వ్యాకరణం వ్రాసి రాణి ఇసబెల్లాకు సమర్పిస్తూ, భాష సామ్రాజ్యానికి ఎల్లప్పుడు తోడుగా ఉన్నదని పీఠికలో పేర్కొన్నాడు. రాయలకు వచ్చిన కల ఆ తరువాత కొన్ని దశాబ్దాలలోపే. అయితే తేడా పెద్దది. స్పెయిన్‌లో రక్తశుద్ధి నిబంధనలు వచ్చాయి, 1609–1614 మధ్య ముస్లిం సంతతి ప్రజలను దేశం నుండి వెళ్లగొట్టారు. విజయనగరం ఒక భాషను గాని, ఒక రక్తాన్ని గాని రాజ్యానికి షరతుగా పెట్టలేదు. బార్బరా ఫుక్స్ 'మిమెసిస్ అండ్ ఎంపైర్' (2001), 'ఎగ్జాటిక్ నేషన్' (2009) గ్రంథాలలో, తాము తరిమివేసినవారి వేషభాషలనే స్పానిష్ సాహిత్యం ఎట్లు మోహించినదో చూపారు. కబాయి, కుళ్లాయిల చర్చ చదివినవారికి ఇది పరిచితంగానే తోస్తుంది. సెర్వాంటిస్ తన డాన్ కిహోటెను ఒక అరబ్బు చరిత్రకారుని గ్రంథానికి అనువాదమని నమ్మించడం, రాయవాచకకర్త తన రచనను స్థానాపతి నివేదికగా నడపడం కూడ పక్కపక్కన చదువదగినవి. సుబ్రహ్మణ్యం ఇట్టి పోలికలకంటె ఈ ప్రాంతాల మధ్య వాస్తవంగా ఉన్న సంబంధాలను వెదకుటకు ప్రాధాన్యమిచ్చి, "అనుసంధాన చరిత్రలు" అను పద్ధతిని ప్రతిపాదించారు. ప్రళయకావేరి అందుకు తగిన చోటు.

మాతృభాష ప్రశ్న

టాల్బట్ 2001 నాటి గ్రంథంలో కాకతీయుల కాలానికే తెలుగు భాష చుట్టూ ఒక ప్రాంతీయ స్పృహ ఏర్పడినదని భావించారు. లిసా మిచెల్ 2009లో వెలువడిన 'లాంగ్వేజ్, ఎమోషన్ అండ్ పాలిటిక్స్ ఇన్ సౌత్ ఇండియా' గ్రంథంలో దీనికి భిన్నమైన దృష్టిని కనబరచారు. 19వ శతాబ్దానికి పూర్వం భాష ప్రజల లక్షణం కాదు, నేల లక్షణం. ఆముక్తమాల్యదలో దేవుడు దేశం తెలుగు అన్నాడే గాని ప్రజలు తెలుగువారు అనలేదు. ఒకే మనిషి ఒక్కొక్క పనికి ఒక్కొక్క భాష వాడుకొనేవాడు. భాషను తల్లిగా, ప్రాణాలర్పించదగినదిగా చూడటం ఆధునిక కాలంలో వచ్చిన మార్పు అని ఆమె ప్రతిపాదన.

ఈ వాదానికి నెల్లూరు ప్రత్యక్ష సంబంధం కలది. ఆంధ్రరాష్ట్రం కొరకు 58 రోజులు నిరాహారదీక్ష చేసి పొట్టి శ్రీరాములు 1952 డిసెంబరు 15న మద్రాసులో మరణించారు. వెంటనే నెల్లూరులో జరిగిన అల్లర్లలో పోలీసు కాల్పులకు గురై మరణించినవారి గురించి మిచెల్ విచారించారు. గుంపులో ఉన్నవారందరు ఒకే ఉద్దేశంతో వచ్చినవారు కారని, మరణించిన తరువాత వారందరికి "భాష కొరకు" అను ఒకే కారణం అంటగట్టబడినదని ఆమె అభిప్రాయపడ్డారు. 2008లో జిల్లా పేరు శ్రీ పొట్టి శ్రీరాములు నెల్లూరు జిల్లాగా మారినది. కావ్యాలలో తెలుగుపై అభిమానం అంత స్పష్టంగా ఉండగా దానిని నేలకు మాత్రమే పరిమితం చేయడం సబబు కాదని తెలుగు పాఠకులు ఆక్షేపించడానికి అవకాశం ఉన్నది. కేతన వ్యాకరణం, ఆంధ్రవిష్ణువు కల, ప్రళయకావేరి తీరంలో నేటికీ తెలుగు, తమిళం కలగలిసి పలికే పలుకుబడి ఈ చర్చలో తిరిగి తిరిగి ముందుకు వస్తుంటాయి. స.వెం.రమేశ్ 'ప్రళయకావేరి కథలు' ఆ పలుకుబడిలోనే వ్రాయబడినవి.